ఆఖరి దశలో ఉన్న నాన్నగారితో మనసులో మాట ఎలా మొదలుపెట్టాలి?

పడమటిగాలి అడిగారు:

నాన్నగారికి 71. ఊపిరితిత్తుల క్యాన్సర్, నాలుగో దశ. కీమో ఆపేశారు, భీమవరంలో ఇంట్లోనే ఉన్నారు. నొప్పికి మార్ఫిన్ 10 మి.గ్రా. మాత్ర పొద్దున 6, 10, మధ్యాహ్నం 2, సాయంత్రం 6కి ఒక్కోటి, రాత్రి 10కి రెండు. ఆయాసం వచ్చినప్పుడు ముక్కు గొట్టంతో ఆక్సిజన్ 2 లీటర్లు. అందరినీ గుర్తుపడుతున్నారు, మాట స్పష్టంగానే ఉంది కానీ నాలుగు మాటలకే అలసిపోతున్నారు. ఎడమ చెవి వినపడదు. కుడి చెవికి మిషన్ ఉంది గానీ పెట్టుకోరు.

నా పెళ్ళి దగ్గర మాట తేడా వచ్చింది. అప్పట్నుంచి మా మధ్య అన్నీ పని మాటలే: మందులు, బిల్లులు, ధాన్యం రేటు. కోపాలు ఎప్పుడో పోయాయి, మాట మాత్రం కలవలేదు. ఆయన నాకు చేసినవి గుర్తున్నాయని చెప్పాలి, పెళ్ళినాటి సంగతి కూడా ఒకసారి తేల్చుకోవాలి. పక్కన కూర్చుంటే గొంతు దాకా వచ్చిన మాట కాస్తా "మందేసుకున్నారా?" అయిపోతోంది.

ఇంకో చిక్కు. జబ్బు పేరు ఆయనకి ఎవరూ చెప్పలేదు. "నిమ్ము చేరింది" అన్నారు. చెప్తే గుండె జారిపోతారని అమ్మా అక్కా ఒప్పుకోవడం లేదు. అది దాచిపెట్టి మనసు విప్పి మాట్లాడటం కుదురుతుందా? ఏ వేళప్పుడు కూర్చోవాలి, ఏమని మొదలుపెట్టాలి, ఎక్కడ ఆపాలి? ఈ పని తెలిసినవాళ్ళు చెప్పండి.

హోమ్‌కేర్ సిస్టర్:

ముందు వేళ సంగతి. మాటలు ఎంత బాగా రాసుకున్నా వేళ తప్పితే పని జరగదు.

మార్ఫిన్ మాత్ర వేసిన అరగంట నుంచి గంటలోపు బాగా పట్టుకుంటుంది, నాలుగు గంటలు దగ్గరపడే కొద్దీ పట్టు వదులుతుంది. మీ లెక్క ప్రకారం పొద్దున 10 డోసు తర్వాత, 10:45 నుంచి 11:30 దాకా మంచి సమయం. అదే 9:30కి కూర్చుంటే ఆయన ధ్యాసంతా నొప్పి మీదే ఉంటుంది. సాయంత్రం అసలొద్దు. పొద్దు వాలాక ఇలాంటివాళ్ళకి తికమక ఎక్కువవుతుంది, పైగా పరామర్శకి వచ్చేవాళ్ళంతా ఆ వేళకే దిగుతారు.

"మత్తుగా ఉంటే ఏం మాట్లాడతారు" అని ఆ పూట డోసు ఎగ్గొట్టే ఇళ్ళు చాలా ఉన్నాయి. దయచేసి ఆ పని చేయకండి. నొప్పి తిరగబెడితే ఇక మాటే ఉండదు, మళ్ళీ అదుపులోకి రావడానికి పూట పడుతుంది. మగత సాధారణంగా మందు మొదలుపెట్టిన, లేదా పెంచిన రెండు మూడు రోజులే. ఈ మధ్యనే పెంచి ఉంటే అన్నాళ్ళు ఆగండి. ఆ తర్వాత కూడా ఎప్పుడూ తూగుతూనే ఉంటే, చేతులు ఉలిక్కిపడ్డట్టు అదురుతుంటే, లేనివి కనబడుతున్నాయంటే, డాక్టరుకి ఫోన్ చేయండి. డోసు మీరే మార్చొద్దు.

కూర్చునే ముందు ఒంటి సంగతి చూసుకోవాలి. విరేచనమై మూడు రోజులు దాటిందా? మార్ఫిన్ వాడే వాళ్ళ చిరాకుకి సగం కారణం అదే. విరేచనం మందు రోజూ ఇవ్వాల్సిందే. ఒంటేలుకి వెళ్ళొచ్చాకే కూర్చోండి. ఆక్సిజన్‌కీ మందులకీ నోరు ఎండిపోతుంది, నాలుక అంటుకుపోయి మాట రాదు. మింగగలిగితే రెండు చెంచాల నీళ్ళు తాగించి, తడిపిన గాజుగుడ్డతో పెదాలూ నాలుకా తుడవండి. తలవైపు బాగా ఎత్తి, మోకాళ్ళ కింద దిండు పెట్టండి. చిన్న టేబుల్ ఫ్యాన్ ముఖానికి తగిలేలా పెడితే ఆయాసం తగ్గినట్టు అనిపిస్తుంది. చప్పుడు చేసే సీలింగ్ ఫ్యాన్ తగ్గించండి, టీవీ కట్టేయండి.

మీరు ఆయన కుడివైపు, ఆయన కళ్ళ ఎత్తులో కూర్చోవాలి. నిలబడి చెప్పే మాట పెద్దవాళ్ళకి పంచాయితీలా వినిపిస్తుంది. కిటికీకి వీపు పెట్టొద్దు, మీ ముఖం చీకట్లో ఉండి పెదాలు కనబడవు. చెవి మిషన్ ఆ పదిహేను నిమిషాలైనా పెట్టండి. వినపడనివాళ్ళు వినపడలేదని చెప్పరు, తల ఊపేస్తారు. చెప్పాల్సింది చెప్పేశామని మీరనుకుంటారు, ఆయనకి ఒక్క ముక్కా అందదు.

చివరిగా, మామూలు కబురులాగే "ఇవాళ ఏ వారం నాన్నగారూ?" అని అడిగి చూడండి. వారం తప్పు చెప్పడం పెద్ద విషయం కాదు. ఎక్కడున్నారో, ఎదుట ఎవరున్నారో తెలియకపోతే ఆ పూటకి వదిలేయండి. తికమక గంటగంటకీ మారుతుంది, మర్నాటికి తేటగా ఉండొచ్చు. నిన్నటిదాకా బాగుండి ఇవాళే అలా అయితే మాత్రం ఇన్‌ఫెక్షనో, ఒంట్లో నీరు తగ్గడమో, మందు ఎక్కువవడమో ఉండొచ్చు, డాక్టరుకి చెప్పాలి.

కాలవగట్టు:

నేను చెప్పేది కొందరికి నచ్చకపోవచ్చు. జబ్బు పేరు ఎత్తకండి. 71 ఏళ్ళ మనిషికి ఇప్పుడు ఆ పేరు తెలిసి ఒరిగేదేమిటి? తిండి మానేస్తే చూసుకోవాల్సింది అమ్మగారే.

రెండోది, ఇంట్లోవాళ్ళకి ముందే చెప్పి కూర్చోండి. తలుపు వేసుకుని ఒక్కరే పెద్దాయన దగ్గర అరగంట కూర్చుంటే, బయట "ఏం రాయించుకుంటున్నాడో" అనే మాట పుడుతుంది. "నాన్నగారితో పది నిమిషాలు నా మాట ఒకటి ఉంది, ఆస్తి మాట కాదు" అని అక్కతో అనేయండి. తలుపు ఓరగా వేసి ఉంచండి. ఆ రోజు చేతిలో కాగితమూ పెన్నూ ఉండకూడదు, బ్యాంకు పాస్‌బుక్ ఊసూ రాకూడదు.

వీలునామా పని ఉంటే దానికి వేరే రోజు పెట్టుకోండి. స్టాంపు కాగితం అక్కర్లేదు, రిజిస్ట్రేషన్ తప్పనిసరి కాదు. ఇద్దరు సాక్షులు ఆయన సంతకం చూసి, ఆయన ఎదుట తామూ సంతకం పెట్టాలి. వాటా వచ్చేవాళ్ళు సాక్షులుగా లేకపోతే తర్వాత తగాదా తగ్గుతుంది. ఆ పనీ ఈ పనీ ఒకే పూట కలిపితే, మీరు అన్న మంచి మాటలన్నీ సంతకం కోసం అన్నవే అవుతాయి.

తేటనీరు (కౌన్సెలర్):

కాలవగట్టుగారి రెండో మాటకి నా పూర్తి మద్దతు. మొదటిది సగమే నిజం. చెప్పాలా వద్దా అన్నది మనం బయట కూర్చుని తేల్చే విషయం కాదు, ఆయన్నే అడిగితే తెలుస్తుంది. చెడ్డ కబురు ఎలా చెప్పాలో క్యాన్సర్ డాక్టర్లకి నేర్పే ఆరు మెట్ల పద్ధతి ఒకటి 2000లో వచ్చింది, స్పైక్స్ అంటారు. అందులో చెప్పడం నాలుగో మెట్టు. చోటు చూసుకోవడం, ఆయనకి ఏం తెలుసో కనుక్కోవడం, ఎంత తెలుసుకోవాలనుందో అడగడం, ఈ మూడూ అయ్యాకే అది. మన ఇళ్ళలో ఆ మూడూ దాటేసి "చెప్పాలా, దాచాలా" దగ్గరే కొట్టుకుంటాం.

"మీకు ఏమయిందని అనుకుంటున్నారు నాన్నగారూ?" అని అడిగి ఊరుకోండి. చాలామందికి అప్పటికే తెలిసి ఉంటుంది. కీమో గదిలో పక్క మంచాల వాళ్ళని చూశారు, ఫైలు మీద ఆసుపత్రి పేరు చదివారు, ఇంట్లోవాళ్ళు గొంతు తగ్గించి మాట్లాడుకోవడం గమనించారు. మీరు బాధపడతారని ఆయన ఊరుకుంటారు, ఆయన బాధపడతారని మీరు. ఆ తర్వాత రెండో ప్రశ్న: "డాక్టరుగారు ఇంకొన్ని సంగతులు చెప్పారు. మీకు చెప్పమంటారా, మమ్మల్నే చూసుకోమంటారా?" "మీరే చూసుకోండి" అంటే అక్కడితో ఆగిపోండి. ఆయనకి తెలుసుకునే హక్కు ఉన్నట్టే, తెలుసుకోకుండా ఉండే హక్కూ ఉంది. అమ్మగారికి కూడా ఇదే చెప్పండి: "నేను ఏమీ చెప్పను, అడుగుతాను అంతే." చాలా ఇళ్ళలో ఆ ఒక్క మాటతో అభ్యంతరం పోతుంది.

ఆయనే "నేను కోలుకుంటానా?" అని అడిగితే "మీకేం కాదు" అనొద్దు. ఆ మాటతో తలుపు మూసుకుపోతుంది, మళ్ళీ అడగరు. "ఎందుకలా అనిపించింది నాన్నగారూ?" అనండి. ఆయన భయం చావు గురించే కానక్కర్లేదు. ఊపిరాడకుండా పోతానేమో అనో, అమ్మ ఒంటరిదైపోతుందేమో అనో ఉండొచ్చు. వాటికి మీరు నిజమైన జవాబు ఇవ్వగలరు.

అసలు మీ పని మనసులో మాట చెప్పడం. దానికి జబ్బు పేరుతో సంబంధం లేదు. "ఆఖరి రోజులు కాబట్టి చెబుతున్నాను" అని మీరనక్కర్లేదు. ఈ రెండు పనులూ వేర్వేరు రోజుల్లో పెట్టుకోండి.

మూడు వాక్యాలు చాలు. చీటీ మీద రాసుకుని, ఎవరూ లేనప్పుడు పైకి చదవండి. మనసులో అనుకోవడం వేరు, నోటితో అనడం వేరు. ఏ మాట దగ్గర గొంతు పూడుకుపోతోందో రెండు మూడు సార్లు పైకి అంటేనే తెలుస్తుంది. ఆ మాటని వాక్యం మొదట్లో పెట్టొద్దు, చివర్లోకి తోయండి. గొంతు పోయినా అప్పటికే విషయం ఆయనకి చేరి ఉంటుంది.

మొదటి వాక్యం అనుమతి కోసం: "పది నిమిషాలు మీ దగ్గర కూర్చుంటాను, ఒక మాట చెప్పాలి, గొడవ మాట కాదు." ఆ చివరి ముక్క వదిలేయకండి. ఇన్నాళ్ళ తర్వాత కొడుకు "మీతో మాట్లాడాలి" అంటే తండ్రి బిగుసుకుపోతాడు, తర్వాత ఏం చెప్పినా సగమే ఎక్కుతుంది.

రెండోది ఆయన చేసిన ఒక్క పని, పేరు పెట్టి చెప్పాలి. "మీరు మాకోసం ఎంతో చేశారు" అనేది సన్మానసభలో శాలువా కప్పేటప్పుడు అనే మాటలా ఉంటుంది, ఆయన మొహమాటంగా నవ్వి తల తిప్పుకుంటారు. అదే "నా ఇంటర్ ఫీజు కోసం మీరు బండి అమ్మేశారని నాకు తెలుసు. అప్పుడు ఏమీ అనలేదు గానీ, మర్చిపోలేదు" అన్నారనుకోండి, తప్పించుకోవడానికి చోటుండదు. బండి కాకపోతే ఇంకోటి. సంవత్సరమూ వస్తువూ చోటూ ఉన్న సంగతి ఎంచుకోండి.

మూడోది పెళ్ళినాటి సంగతి. అందులో మీ వంతు మాత్రమే. "ఆ రోజు అందరి ముందూ గొంతు పెంచాను. మీకు తలవంపులయింది. అలా చేసి ఉండాల్సింది కాదు." ఇక్కడ ఆపాలి. దాని వెనక "కానీ మీరు కూడా..." చేరిందంటే మళ్ళీ పెళ్ళిపందిరి కిందకే వెళ్ళిపోతారు. "నన్ను క్షమించారా?" అని అడగొద్దు. ఊపిరి అందని మనిషి మీద ఇంకో పని పెట్టడం అది.

చెప్పాక ఊరుకోవడమే అన్నిటికన్నా కష్టం. మనసులో ఇరవై దాకా లెక్కపెట్టండి. మన వాళ్ళు ఆ ఖాళీని భరించలేక "సరేలెండి, పడుకోండి" అని లేచిపోతారు, సరిగ్గా ఆయన నోరు తెరవబోయే ముందు. ఆయన జవాబు మీరనుకున్న రూపంలో రాకపోవచ్చు. "భోంచేశావా?" అనొచ్చు. "పిల్లదాని ఫీజు కట్టావా?" అనొచ్చు. అదే జవాబు. ఆ ప్రశ్నకి తిన్నగా సమాధానం చెప్పండి. "నేను చెప్పింది విన్నారా?" అని మళ్ళీ గుచ్చొద్దు. మీ భార్య పేరెత్తి ఏదైనా అడిగితే మాత్రం గమనించండి, అది ఆయన వైపు నుంచి పెద్ద అడుగు.

ఎదురెదురుగా కూర్చుని చెప్పడం తండ్రీకొడుకులకి అలవాటు లేని పని. చేతికి ఏదో పని ఉంటే మాట తేలిగ్గా వస్తుంది. గడ్డం గీస్తూనో, గోళ్ళు తీస్తూనో, కాళ్ళకి నూనె రాస్తూనో రెండో వాక్యం అనేయొచ్చు. కళ్ళు కలపాల్సిన అవసరం ఇద్దరికీ తప్పుతుంది.

ఇంకొక్కటి, ఏ మాట చెప్పకూడదో. మీ గుండె బరువు దించుకోవడం కోసం ఆయన మీద కొత్త బరువు పెట్టే సంగతులు: దాచిన అప్పు, ఇంకెవరి రహస్యమో. విన్నాక ఆయన చేయగలిగింది ఏమీ లేకపోతే అది ఆయనకి చెప్పాల్సింది కాదు, మాలాంటివాళ్ళ దగ్గర చెప్పుకోవాల్సింది.

హోమ్‌కేర్ సిస్టర్:

కాళ్ళకి నూనె అన్నారు కాబట్టి ఒక జాగ్రత్త. ఒక కాలి పిక్క మాత్రమే వాచి, వేడిగా, నొప్పిగా ఉంటే ఆ కాలు పిసకొద్దు. క్యాన్సర్ ఉన్నవాళ్ళకి నరంలో రక్తం గడ్డకట్టే అవకాశం ఎక్కువ. డాక్టరు చూసేదాకా అరచేతులతో సరిపెట్టుకోండి. గడ్డం గీసేటప్పుడు ఆక్సిజన్ నడుస్తుంటే దగ్గరలో అగ్గిపుల్ల, దీపం, అగరొత్తి ఏదీ ఉండకూడదు.

పడమటిగాలి:

చాలా ఉపయోగపడింది. రెండు సందేహాలు. మధ్యలో నాకు ఏడుపొస్తే? ఆయన ముందు ఏడవొద్దని అందరూ అంటున్నారు. రెండోది, తమ్ముడు న్యూజెర్సీలో ఉన్నాడు, వెంటనే రాలేడు. వాడూ మాట్లాడాలంటున్నాడు.

తేటనీరు (కౌన్సెలర్):

కళ్ళనీళ్ళు వస్తే రానివ్వండి, లేచి వెళ్ళిపోకండి. వెళ్ళిపోతే తన వల్లే అయిందని ఆయన అనుకుంటారు. ఆయన చేయి పట్టుకుని, "బాగానే ఉన్నాను, ఒక్క నిమిషం" అని, ఊపిరి నెమ్మదిగా వదిలి మళ్ళీ అందుకోండి. వెక్కిళ్ళు ఆగకపోతే మిగిలిన వాక్యం రేపటికి. ఒకే రోజు మూడూ చెప్పాలని రూలేం లేదు.

అట్లాంటిక్ అవతల:

తమ్ముడికి టైము ఇలా చూసుకోమనండి. ఇండియాలో పొద్దున 7 అంటే న్యూజెర్సీలో ముందు రోజు రాత్రి, చలికాలం 8:30, వేసవి టైములో 9:30. నాన్నగారి 6 గంటల మాత్ర పట్టుకుని ఉండే వేళ, ఇల్లూ ప్రశాంతంగా ఉంటుంది. ఇక్కడ అమెరికాలో ఉన్నవాళ్ళు తమకి వీలైనప్పుడు, అంటే ఇండియా సాయంత్రాల్లో ఫోన్ చేసి, "నాన్న సరిగ్గా మాట్లాడలేదు" అని బాధపడుతుంటారు.

ఫోను ఎవరూ చేత్తో పట్టుకోవద్దు, ఊగుతుంటే పెద్దవాళ్ళకి కళ్ళు తిరుగుతాయి. గ్లాసుకి ఆనించినా సరే, ముఖానికి రెండడుగుల దూరంలో, కళ్ళ ఎత్తులో పెట్టండి. చెవి మిషనుకి ఫోన్ స్పీకరు దగ్గరైతే కీచుమంటుంది, కాస్త దూరం జరపండి. వీడియోలో మాట కొంచెం ఆలస్యంగా చేరుతుంది. అందుకే తమ్ముడు వాక్యం చెప్పి ఆగాలి, లేకపోతే ఇద్దరూ ఒకేసారి మాట్లాడి ఇద్దరూ ఆగిపోతారు. లైన్ పోతుందనే భయం ఉంటే ముందే వాయిస్ మెసేజ్ రికార్డు చేసి పంపమనండి, 90 సెకన్లు మించకుండా. ఆయనకి ఓపిక ఉన్నప్పుడు మళ్ళీ మళ్ళీ వినిపించొచ్చు. నా దృష్టిలో వీడియో కాల్ కన్నా ఇదే మేలు, ఆయన వెంటనే ఏదో ఒకటి అనాల్సిన ఇబ్బంది ఉండదు.

ఫోను అందించినవాళ్ళు పక్కన నిలబడి "నాన్నా, తమ్ముడికి హాయ్ చెప్పు, చెయ్యి ఊపు" అంటూ ఉండొద్దని గట్టిగా చెప్పండి.

నిమ్మచెట్టు:

ఈ చర్చ చదివేవాళ్ళలో ఆలస్యమైనవాళ్ళూ ఉంటారు కాబట్టి వాళ్ళకోసం కొంచెం.

మనిషి స్పృహలో లేకపోయినా మాట్లాడొచ్చు. 2020లో కెనడాలోని బ్రిటిష్ కొలంబియా విశ్వవిద్యాలయం పరిశోధకులు ఆఖరి గంటల్లో స్పృహ లేనివాళ్ళ మెదడు తరంగాలు కొలిస్తే, కొందరిలో శబ్దాలకి మెదడు స్పందిస్తూనే ఉంది. మాటలు అర్థమవుతున్నాయని దాంతో రుజువు కాలేదు. చెవి దగ్గర నెమ్మదిగా, ముందు మీ పేరు చెప్పి, అవే మూడు వాక్యాలు అనండి. మంచం పక్కన బిల్లుల లెక్కలూ దహనం ఏర్పాట్లూ మాట్లాడొద్దు అనడానికి కూడా ఇదే కారణం.

పోయాక అయితే, చెప్పని మాటల్ని ఉత్తరంగా రాయమని చాలామంది సలహా ఇస్తారు. దీని వెనక 1986లో పెన్నెబేకర్ అనే అమెరికన్ సైకాలజిస్టు చేసిన ప్రయోగం ఉంది: వరసగా 4 రోజులు, రోజుకి 15 నిమిషాలు, ఆపకుండా, ఎవరికీ చూపించకుండా రాయడం. రాసిన వెంటనే మనసు మరింత బరువెక్కడం మామూలే, అందుకని పడుకోబోయే ముందు రాయొద్దు. అయితే అయినవాళ్ళని కొత్తగా పోగొట్టుకున్నవాళ్ళ మీద ఇదే పద్ధతి వాడి చూస్తే పెద్ద ఫలితం కనబడలేదు. కాబట్టి పెద్దకర్మ కాకముందే కాగితం ముందేసుకుని కూర్చోనక్కర్లేదు. ప్రతి నెలా మాసికం నాడు ఒక పేజీ అనుకుంటే బాగా కుదురుతుంది. తిథి ఎలాగూ ఇంట్లో గుర్తుచేస్తారు.

ఎదుట ఖాళీ కుర్చీ వేసుకుని, పోయినవాళ్ళు అందులో ఉన్నట్టు మాట్లాడే పద్ధతి కూడా ఉంది. అది ఒంటరిగా చేసుకునేది కాదు. కుర్చీ మారి వాళ్ళ తరఫున జవాబు చెప్పేటప్పుడు కొందరి నోట శాపనార్థాలే వస్తాయి, ఆ మాట దగ్గర ఆపి తిప్పడానికి తెలిసిన మనిషి పక్కనుండాలి. ఏడాది దాటినా రోజూ అదే ధ్యాసగా ఉండి పనీ తిండీ నడవకపోతే, దాన్ని జబ్బుగానే లెక్కవేసి వైద్యం చేస్తారు. మానసిక సమస్యలకి ప్రభుత్వం నడిపే ఫోన్ సాయం టెలి మానస్, నంబరు 14416, ఉచితం, తెలుగులో మాట్లాడొచ్చు.

చిన్నప్పుడు కొట్టి, హింసించిన తండ్రి అయితే పైన చెప్పినదేదీ మీ మీద బాధ్యత కాదు. వెళ్ళి కృతజ్ఞత చెప్పి తీరాలని ఎవరూ ఒత్తిడి చేయకూడదు. మీ లెక్క మీరు కౌన్సెలర్ దగ్గర తేల్చుకోవచ్చు, ఆయన ఎదురుగా ఉండక్కర్లేదు.

పడమటిగాలి:

అక్కతో మాట్లాడాను, అడగడం వరకు ఒప్పుకుంది. రేపు 10 మాత్ర తర్వాత గడ్డం గీస్తూ కూర్చుంటాను. మొదటి రెండు వాక్యాలే, మూడోది తర్వాత. చెవి మిషన్ తీసి చూస్తే చప్పుడే లేదు. చెవి వెనక పెట్టుకునే రకం. బ్యాటరీ మార్చినా పనిచేయడం లేదు.

హోమ్‌కేర్ సిస్టర్:

కొత్త బ్యాటరీ మీద రంగు స్టిక్కరు తీసిన వెంటనే లోపల పెట్టేశారా? అవి గాలి తగిలితే పనిచేసే బ్యాటరీలు. స్టిక్కరు తీసి, రెండు మూడు నిమిషాలు బయట ఉంచి, అప్పుడు పెట్టాలి. నారింజ రంగు స్టిక్కరుది 13 నంబరు, గోధుమ రంగుది 312, నీలం రంగుది 675. పాతదాని సైజు చూసి అదే కొనండి. ప్లస్ గుర్తు పైకి ఉండాలి, మూత పూర్తిగా మూసుకోవాలి, సగం తెరిచి ఉంటే ఆఫ్‌లో ఉన్నట్టే. అయినా చప్పుడు లేకపోతే చెవిలో పెట్టే అచ్చు రంధ్రం చూడండి, గుబిలి పట్టి ఉంటుంది. అచ్చుని మిషన్ నుంచి ఊడదీసి గోరువెచ్చని నీళ్ళలో కడిగి, గొట్టంలో చుక్క నీరు లేకుండా ఆరబెట్టి తగిలించండి. మిషన్‌కి మాత్రం తడి తగలకూడదు. ఇవాళ రాత్రే ఈ పని చేసుకోండి, రాత్రంతా ఆరుతుంది.